వరంగల్ కోట సేనాని గురించి మా అమ్మాయి మాట్లాడిన రోజు

ఆదివారం తెలుగు క్లాసు అయ్యాక కార్లో కూర్చుని సీట్ బెల్టు పెట్టుకుంటూ, తన స్పీచ్‌కి ఎవరిని ఎంచుకుందో చెప్పింది మా అమ్మాయి. కారు రివర్స్ చేస్తున్నదాన్ని బ్రేక్ మీద కాలు వేసి ఆపేశాను.

"ఎవరిని?"

"ఆయన్నే అమ్మా. ఢిల్లీలో చూశాం కదా, ఆ టూమ్. టీచర్ ఆంటీ ఓకే అంది."

మేముండేది అమెరికాలోని అల్ఫారెట్టాలో. మా ఇళ్ల మధ్యనున్న క్లబ్‌హౌస్‌లో ఆదివారాలు పిల్లలకి తెలుగు నేర్పుతారు. ఏడాది చివర్లో ఒక చిన్న ఫంక్షన్ ఉంటుంది. తెలుగు చరిత్రలోంచి ఒక మనిషిని తీసుకుని పిల్లలు ఒక్కొక్కరే స్టేజీ ఎక్కి మూడు నిమిషాలు తెలుగులో మాట్లాడాలి. ఎక్కువమంది రాజుల్నీ రాణుల్నీ కవుల్నీ తీసుకుంటారు. మా అమ్మాయి తీసుకున్నది కాకతీయుల కొలువులో సేనానిగా ఉండి, ఢిల్లీ సైన్యానికి చిక్కి, ముస్లిం అయి, చివరికి ఢిల్లీ సుల్తాన్‌కే వజీరుగా ఎదిగిన ఒక తెలుగువాణ్ని.

ఇందులో నేను ఎవరి పేర్లూ రాయడం లేదు. ఆ సేనానికి అమ్మానాన్నలు పెట్టిన పేరొకటి, ఢిల్లీ వెళ్లాక వచ్చిన పేరొకటి ఉన్నాయి. మిగతావాళ్ల పేర్లతో పాటు ఆ రెండూ కూడా వదిలేస్తున్నాను.

నేను బ్రేక్ ఎందుకు వేశానో అర్థం కావాలంటే మా సంగతి కొంచెం చెప్పాలి. మాది నరసరావుపేట వైపు దూదేకుల కుటుంబం. మా పెద్దవాళ్లు పత్తి ఏకి పరుపులు కుట్టి బతికారు. నమాజు, రోజా, నిఖా అన్నీ ఉన్నాయి, కానీ ఇంట్లో మాట్లాడేది తెలుగే. మా అమ్మ నన్ను తిట్టినా తెలుగులోనే, నా కోసం దువా చేసినా తెలుగులోనే. నాకు ఉర్దూ సినిమాల్లో విన్నంతే వచ్చు.

ఇక్కడికి వచ్చాక ఇది రోజూ ఎవరో ఒకరికి ఆశ్చర్యం. తలా ఒక వంట తెచ్చే పాట్‌లక్‌లో పప్పుచారు గిన్నె పట్టుకుని నిలబడితే, నా పేరు విన్న ఒకావిడ "మీరు తెలుగు ఎక్కడ నేర్చుకున్నారండీ? ఎంత చక్కగా మాట్లాడుతున్నారో!" అంది. మా అమ్మ దగ్గర నేర్చుకున్నానని చెప్పాను. ఈద్ రోజు మసీదులో హైదరాబాద్ ఆడవాళ్లు నన్ను ఉర్దూలో పలకరిస్తే నేను ఇంగ్లిష్‌లో జవాబు చెబుతాను. ఒకావిడ నవ్వుతూనే, "ఉర్దూ రాకుండా ఎట్లా మరి?" అని అడిగింది. ఆవిడ మనసులో చెడు లేదు. పాట్‌లక్ ఆవిడ మనసులోనూ లేదు. నేను రెండు చోట్లా నవ్వి ఊరుకోవడం అలవాటు చేసుకున్నాను.

ఇలా ఏదీ అడగకుండా మమ్మల్ని ఉన్నట్టే కలుపుకున్నది ఒక్క హనుమకొండ కుటుంబం. వాళ్లది మా వెనక వీధి. వాళ్లమ్మాయీ మా అమ్మాయీ కిండర్‌గార్టెన్ నుంచీ ఒక్కటే. వాళ్లాయన మా ఆయన్ని "అన్నా" అంటాడు, నన్ను "వదినా" అంటాడు. నాకు ఆపరేషన్ అయినప్పుడు ఆయన భార్య మా ఇంటి తాళం తన దగ్గరే పెట్టుకుని వంట చేసి పెట్టింది. రంజాన్‌లో ఇఫ్తార్‌కి వాళ్లు మా ఇంటికి రావడం, బతుకమ్మకి పూలు పేర్చడానికి మేం వాళ్ల గరాజ్‌లో కూర్చోవడం మామూలు. అమెరికాలో మాకు చుట్టాలంటూ ఉంటే వాళ్లే.

బ్రేక్ వేసినప్పుడు నాకు గుర్తొచ్చింది ఆయనే. ఆయన వరంగల్ కోట చుట్టూ తిరిగి పెరిగినవాడు.

అంతకు ముందు వేసవిలో ఇండియా వెళ్లినప్పుడు ఢిల్లీలో మా తమ్ముడి దగ్గర కొన్నాళ్లున్నాం. వాడు అక్కడ బ్యాంకులో పని చేస్తాడు. ఒకరోజు పొద్దున దర్గాకి తీసుకెళ్లి, అక్కడి నుంచి ఇరుకు సందుల్లో నడిపించుకుంటూ పోయి ఒకచోట ఆగాడు. ఎనిమిది పలకల పాత సమాధి. చుట్టూ ఇళ్లు ఎంతగా కమ్ముకున్నాయంటే గుమ్మటం తప్ప దూరం నుంచి ఏమీ కనపడదు. రాతి చూరు కింద తాడు కట్టి ఎవరో బట్టలు ఆరేశారు. ఢిల్లీలో ఎనిమిది పలకలతో కట్టిన సమాధుల్లో ఇదే మొదటిదంటారనీ, తర్వాత వచ్చిన సుల్తానులు తమ సమాధులకి ఇదే పద్ధతి పట్టుకున్నారనీ చెప్పాడు మా తమ్ముడు.

"ఎవరిదిరా ఇది?" అన్నాను.

"మనవాడిదే అక్కా. ఓరుగల్లు నుంచి వచ్చినాయన. ఇక్కడ ముప్పాతిక జీవితం బతికాడు, సుల్తాన్ తర్వాత సుల్తానంతటివాడయ్యాడు. అయినా ఢిల్లీవాళ్లు ఆయన్ని తెలంగాణవాడనే పిలిచారు, ఇప్పటికీ అలాగే పిలుస్తారు."

అప్పటిదాకా ఎండకి విసుక్కుంటున్న మా అమ్మాయి తలెత్తి చూసింది.

"వెయిట్. ఆయన తెలుగు?"

"తెలుగే."

"అండ్ ముస్లిం?"

"ముస్లిమే."

"లైక్ అస్? మనలాగా?" అంది. కాసేపు ఆ గుమ్మటాన్నే చూస్తూ నిలబడింది. నేను కూడా దాని పక్కనే నిలబడ్డాను. పదకొండేళ్ల పిల్ల. అప్పటిదాకా ఈ విషయం దాన్ని ఇబ్బంది పెడుతోందని నాకు తెలియదు. నాలాగే అదీ నవ్వి ఊరుకుంటోందన్నమాట.

అల్ఫారెట్టా తిరిగొచ్చాక ఇద్దరం కలిసి ఆయన గురించి దొరికినంత చదివాం. మాకు తెలిసినంతలో కథ ఇది.

పద్నాలుగో శతాబ్దం మొదట్లో ఢిల్లీ సైన్యం ఓరుగల్లు కోటని నెలల తరబడి ముట్టడించింది. లోపల తిండి అయిపోయింది. కాకతీయుల చివరి రాజు లొంగిపోయాడు. ఆయన్ని ఢిల్లీ తీసుకెళ్తుంటే దారిలోనే చనిపోయాడు. ఆ రాజు కొలువులో పెద్ద హోదాలో ఉన్న మన సేనాని ఢిల్లీ చేరాడు, అక్కడ ముస్లిం అయ్యాడు. ఇష్టపడి అయ్యాడో, ప్రాణం కోసం అయ్యాడో, ఇంకేదైనా ఆలోచించి అయ్యాడో ఆయన మాటల్లో ఎక్కడా లేదు. సుల్తాన్ ఆయన్ని నమ్మి పెద్ద పెద్ద ప్రాంతాలు అప్పగించాడు. తర్వాతి సుల్తాన్ ఏకంగా వజీరుని చేశాడు. చదవడం రాయడం రానివాడనీ, అయినా తెలివిలో సాటిలేనివాడనీ ఆ కాలపు చరిత్రకారుడొకాయన రాసి పెట్టాడట. సుల్తాన్ యుద్ధాలకి పోతే ఢిల్లీని నడిపింది ఈయనే. చనిపోయేదాకా ఆ పదవిలోనే ఉన్నాడు. ఆ తర్వాత కొడుకు కూడా వజీరయ్యాడు. ఆ కొడుకు కట్టించిన మసీదులు కొన్ని ఢిల్లీలో ఇంకా నిలిచే ఉన్నాయి.

మా అమ్మాయికి అన్నిటికంటే నచ్చిన ఘట్టం ఒకటుంది. సుల్తాన్ సింధు వైపు దండెత్తి వెళ్లి, సైన్యంతో సహా ఉప్పు బురద నేలల్లో దారి తప్పాడు. నెలల తరబడి ఢిల్లీకి ఏ వార్తా రాలేదు. జనంలో గుసగుసలు మొదలయ్యాయి. అప్పుడు ఈ వజీరు సుల్తాన్ క్షేమంగా ఉన్నాడని కబురొచ్చినట్టు నగరమంతా చాటించి, సంబరాలు చేయించాడట. నిజానికి ఏ కబురూ రాలేదు. ఊళ్లో అల్లరి లేవకుండా అలా ఆపాడు. చివరికి సుల్తాన్ నిజంగానే క్షేమమని తెలిసింది.

"అంటే అబద్ధం చెప్పాడా?"

"చెప్పాడు."

"ఆయనకి స్కేరీగా ఉండి ఉంటది కదా, లోపల?"

"ఉండే ఉంటుంది."

"నిజం వార్త వచ్చినప్పుడు ఎంత రిలీఫో!" అంది, తనే ఆ కబురు విన్నట్టు కుర్చీలో వెనక్కి వాలిపోయి.

టీచరు పిల్లల పేర్లూ వాళ్లు ఎంచుకున్న వ్యక్తులూ వాట్సాప్ గ్రూపులో పెట్టింది. మామూలుగా ఏది పెట్టినా చప్పట్ల బొమ్మలు వరసగా పడతాయి. ఈసారీ పడ్డాయి, కానీ మా అమ్మాయి పేరు దగ్గర ఒకాయన ఒక ప్రశ్నార్థకం పెట్టి కాసేపాగి తీసేశాడు. నేను ఆఫీసు మీటింగ్‌లో కెమెరా ఆఫ్ చేసుకుని అదే చూస్తూ కూర్చున్నాను.

మర్నాడు మధ్యాహ్నం హనుమకొండ ఆయన ఫోన్ చేశాడు.

"వదినా, బిజీ ఉన్నరా? ఒక్క మాట. గుస్స కావద్దు."

"చెప్పండి అన్నయ్యగారూ."

"పాప టాపిక్ చూసిన గ్రూప్‌ల. ఆయన గురించి మీకు మొత్తం తెలుసా?"

"చదివినంత తెలుసు."

"కోట పడ్డంక ఢిల్లీ పోయిండు. సరే, పట్కపోయిండ్రు, ఏం చేస్తడు. మతం మారిండు, అది కూడా ఆయన ఇష్టం. కానీ మళ్ల సుల్తాన్ మనిషై ఓరుగల్లుకే వచ్చిండు వదినా, ఏలనీకి. మన నాయకులే తిరగబడి తరిమిండ్రు. నేను ఆ కోట రాళ్ల మీద ఆడుకున్నోన్ని. విరిగిన రాతి బొమ్మలు చూసుకుంట పెరిగిన. ఆయన్ని గొప్పోడని స్టేజ్ మీద చెప్తుంటే కూసోని చప్పట్లు కొట్టుడు నాతోని కాదు. ఇంకిద్దరు కూడ నాకు ఫోన్ చేసిండ్రు."

ఆయన చెప్పింది నిజమే. వరంగల్‌కి తిరిగొచ్చిన సంగతి మేమూ చదివాం. చదివి, ఢిల్లీ కథ పెద్దదై పోవడంతో దాన్ని ఒక్క వాక్యంలో దాటేశాం.

"పాప ఆయన్ని హీరో అనడం లేదండీ," అన్నాను.

"మీ గురించి కాదు వదినా నేననేది. మిమ్మల్ని నేనెప్పుడన్న అట్ల చూసిన్నా? వేరే టాపిక్ తీస్కుంటే అందరికి పీస్‌ఫుల్ ఉంటది, అంతే."

పాపతో మాట్లాడతానని చెప్పి పెట్టేశాను. మధ్యాహ్నం వేడి చేసుకున్న అన్నం అలాగే ఉండిపోయింది. ఆయన చరిత్ర గురించి అన్నది నాకు తప్పుగా తోచలేదు. "మీ గురించి కాదు" అన్న మాట దగ్గరే నా మనసు ఆగిపోయింది. ఇన్నేళ్లలో మా రెండిళ్ల మధ్య ఆ మాట ఎవరూ అనాల్సిన అవసరం రాలేదు. ఒకసారి అన్నాక, అది మధ్యలో ఉండిపోయింది.

మా ఆయన సాయంత్రం ఇంటికొచ్చి అంతా విన్నాడు. "మార్పించెయ్. మనకెందుకీ తలనొప్పి?" అన్నాడు. షూ విప్పి, కాళ్లు కడుక్కుని వచ్చి, మళ్లీ తనే "మార్చమని దానికి ఏమని చెప్తావ్?" అన్నాడు.

మర్నాడు పొద్దున సీరియల్ తింటున్నప్పుడు నేనే కదిపాను. వరంగల్ అంకుల్‌కి ఈ టాపిక్ నచ్చలేదని చెప్పాను.

"అంకుల్ నా మీద మ్యాడా?" స్పూను గిన్నెలో పెట్టేసింది.

"నీ మీద కాదు. ఆయనకి బాధగా ఉంది. వాళ్ల ఊరు అది. వాళ్ల కోటని పడగొట్టినవాళ్ల తరఫున ఈయన మళ్లీ వచ్చి అక్కడ రూల్ చేశాడు కదా."

"అది నేను ఎక్కువ రాయలేదు."

"అవును."

"రాస్తా."

"రాసినా అంకుల్‌కి నచ్చకపోవచ్చు నాన్నా. వేరే ఎవరైనా..."

"అమ్మా, అంకుల్ ఆ కోట చూశాడు. మనం చూడలే. నేను అంకుల్‌నే అడుగుతా."

"ఆగు. ముందు నేను మాట్లాడతాను," అన్నాను. ఏం మాట్లాడాలో తెలియక రోజులు గడిపాను. ఆ వారం వాళ్లింటి మీదుగా వెళ్లాల్సి వస్తే అవతలి వీధిలోంచి చుట్టు తిరిగి వెళ్లాను. ఆయన భార్య మెసేజీలకి దండం బొమ్మలు పెట్టి సరిపెట్టాను.

శనివారం మా అమ్మాయి ఎప్పటిలాగే వాళ్లింటికి ఆడుకోవడానికి వెళ్లింది. వెళ్లొద్దనడానికి నాకు నోరు రాలేదు. సాయంత్రం తీసుకురావడానికి వెళ్లి బెల్లు కొట్టాను. ఆయన భార్య తలుపు తీసింది.

"లోపలికి రా. వాళ్ల క్లాస్ నడుస్తుంది," అంది నవ్వుతూ.

డైనింగ్ టేబుల్ మీద పెద్ద కాగితం పరుచుకుని ఆయన బొమ్మ గీస్తున్నాడు. మా అమ్మాయి మోకాళ్ల మీద కుర్చీలో నిలబడి వంగి చూస్తోంది. వాళ్లమ్మాయి సోఫాలో పడుకుని, "డాడ్, షీ హాజ్ లైక్ త్రీ మినిట్స్!" అని అరుస్తోంది.

"ఉండవే. ఇగో, ఇది బయటి మట్టి గోడ. మస్తు లావుంటది. దీని ముంగట కందకం. ఇది లోపలి రాతి గోడ. రాళ్లకు సున్నం గిన్నం ఏం లేదు, రాయికి రాయి కుదిరించి పేర్చిండ్రు. ఇటు నాలుగు దిక్కుల తోరణాలు. వాటి నడుమ గుడి ఉండె. ఇప్పుడు తోరణాలే ఉన్నయ్, గుడి లేదు."

"గుడి ఎవరు బ్రేక్ చేశారు అంకుల్?"

"కోట గెలిచినోళ్లు."

"అప్పుడు ఈయన లోపలున్నాడా?"

పెన్సిల్ ఆపాడు. "ఉండి ఉంటడు."

"చూశాడా?"

"చూసే ఉంటడు బిడ్డా," అన్నాడు మెల్లగా.

అప్పుడు నన్ను చూశాడు. మొహంలో కొంచెం బెరుకు. "కోట గురించి చెప్తున్న వదినా. ఆయన గురించి కాదు."

"సరే," అన్నాను. ఆయన భార్య నా చేతిలో చాయ్ కప్పు పెట్టి కుర్చీ లాగింది. కూర్చున్నాను. చాయ్ తాగినంతసేపూ కోట కథే. ఆయన చిన్నప్పుడు గోడెక్కి దిగలేక ఏడిస్తే మేకలు కాసుకునే ఆవిడ దింపిందట. అది విని నేను పెద్దగా నవ్వాను. అంత నవ్వు రావాల్సిన విషయమేమీ కాదది. తిరిగి ఇంటికొస్తూ వీధి మలుపులో స్టాప్ బోర్డు దగ్గర కారు ఆపి కదలకుండా ఉండిపోతే వెనక కారు హారన్ కొట్టింది.

అయినా భయం పూర్తిగా పోలేదు. ఆయనకి ఫోన్ చేసిన ఆ ఇద్దరెవరో నాకు తెలియదు.

ఫంక్షన్ రోజు క్లబ్‌హౌస్ నిండిపోయింది. సమోసాల ట్రేలు, స్పీకర్ల గీ అనే చప్పుడు, ఇస్త్రీ పంచెల్లో ఇబ్బంది పడుతున్న మగపిల్లలు. మా అమ్మాయి తన స్నేహితురాలి పట్టు పరికిణీ అడిగి తెచ్చుకుని కట్టుకుంది. మేం మూడో వరసలో కూర్చున్నాం. హనుమకొండ వాళ్లు గోడ పక్కన, మాకు కొంచెం వెనక.

మా అమ్మాయి వంతు వచ్చింది. మైకు దాని నుదుటి ఎత్తులో ఉంటే టీచరు వచ్చి దించింది.

"నమస్కారం. నేను ఒక సోల్జర్ గురించి చెప్తాను. ఆయన ఓరుగల్లు కోటలో ఉన్నాడు. కోటకి రెండు పెద్ద గోడలు ఉన్నాయి. బయట మట్టి, లోపల రాయి. నాకు ఇది అంకుల్ నేర్పించాడు," అని వెనక్కి చెయ్యి చూపింది. అందరూ తిరిగి చూశారు. ఆయన తల దించుకున్నాడు.

ముట్టడి చెప్పింది. ఢిల్లీ చెప్పింది. "ఆయన ముస్లిం అయ్యాడు. ఎందుకు అయ్యాడు మనకి తెలీదు," అంది. ఆ తర్వాత ఆగి, ఊపిరి తీసుకుని, "తర్వాత ఆయన వెనక్కి వచ్చాడు. సుల్తాన్ కోసం ఓరుగల్లు రూల్ చేశాడు. అక్కడి తెలుగు వాళ్లకి కోపం వచ్చింది. ఫైట్ చేసి ఆయన్ని పంపేశారు. ఇది విని అంకుల్‌కి బాధ. నాకు కూడా కొంచెం బాధ," అంది. ఢిల్లీలో దొంగ కబురు చాటించిన కథకి జనం నవ్వారు. చివర్లో, "ఆయన తెలుగు. ఆయన ముస్లిం. నేను కూడా. ఆయన మంచివాడు కావచ్చు, కాకపోవచ్చు. కానీ ఆయన ఉన్నాడు," అని దండం పెట్టింది.

చప్పట్లు పడ్డాయి. టీచరు తర్వాతి పిల్లాణ్ని పిలవబోతుంటే ముందు వరసలోంచి ఒకాయన చెయ్యెత్తాడు. ఆయన్ని నేను పార్కింగ్‌లో చూడటమే తప్ప మాట్లాడింది లేదు.

"బాగా చెప్పావమ్మా. కానీ ఒక్క డౌటు. సొంత రాజుని పట్టుకున్నవాళ్ల దగ్గర చేరాడు కదా, మరి ఆయన ద్రోహే కదా?"

మా ఆయన లేవబోతే మోచెయ్యి పట్టుకుని ఆపాను.

"ద్రోహి అంటే ఏంటి అంకుల్?" అంది మా అమ్మాయి మైకులో.

"ట్రెయిటర్!" అని దాని స్నేహితురాలు వెనక నుంచి అందించింది. కొందరు నవ్వారు.

మా అమ్మాయి పరికిణీ అంచు వేళ్లకి చుట్టుకుంటూ ఆలోచించింది.

"నాకు తెలీదు అంకుల్," అంది. "ఆయన్ని ఎవరూ అడగలేదు. అడిగితే మనం చదివేవాళ్లం."

అప్పుడు గోడ పక్కన కుర్చీ కదిలిన చప్పుడైంది. హనుమకొండ ఆయన లేచి నిలబడ్డాడు.

"సార్, మాది హన్మకొండ. నాక్కూడ ఆయన మీద కోపమే ఉండె. ఇంక కొంచెం ఉన్నది కూడ. కానీ నెలలకొద్ది తిండి లేకుంట ఆ కోటల ఉన్నది నేను కాదు, మీరు కాదు. పిల్ల తెలిసింది తెలిసినట్టు చెప్పింది, తెల్వంది తెల్వదన్నది. మనం పెద్దోళ్లం గూడ అంత మంచిగ చెప్పం."

ప్రశ్న అడిగినాయన తల ఊపాడు. "అడిగానంతేనండీ. తెలుసుకుందామని," అని కూర్చున్నాడు. టీచరు కళ్లద్దాలు తుడుచుకుని, తర్వాతి పిల్లాడి పేరు పిలిచింది. వాడు ఒక కవి గురించి మొదలుపెట్టి రెండో వాక్యం మర్చిపోయి ఏడుపు మొహం పెట్టాడు. అందరూ వాడికి ధైర్యం చెప్పడంలో పడిపోయారు. మా వైపు ఎవరూ చూడటం లేదు. ఆ హాల్లో అంతకంటే నాకు కావలసింది ఏమీ లేదు.

తిండి దగ్గర వరసలో ఆ ప్రశ్న అడిగినాయనే మా అమ్మాయి ప్లేటులో సమోసా వేస్తూ, "వచ్చే ఏడాది ఎవరి గురించి చెప్తావు?" అని అడిగాడు.

"ఆయన్ని తరిమినాయన గురించి," అంది టక్కున.

"అగో! అదీ!" అని వెనక నుంచి హనుమకొండ ఆయన ఎంత గట్టిగా అన్నాడంటే చట్నీ గిన్నె దగ్గరున్నావిడ ఉలిక్కిపడింది.

అందరూ వెళ్లిపోయాక మడత కుర్చీలు సర్దే పని మాకూ వాళ్లకూ పడింది. ఆయనా నేనూ ఒక చోట ఎదురుపడ్డాం. చేతుల్లో కుర్చీలతోనే అన్నాడు.

"ఆ దినం ఫోన్ చేసింది మనసుల పెట్టుకోవద్దు వదినా."

పరవాలేదండీ అని అలవాటుగా నోటి దాకా వచ్చింది. ఆపుకున్నాను.

"పెట్టుకున్నానండీ. చాలా పెట్టుకున్నాను. ఇప్పుడైతే లేదు."

ఆయన ఒక్క క్షణం నా మొహం చూసి, "అట్ల చెప్పిండ్రు, మంచిగనిపించింది," అని నవ్వాడు. వాళ్లావిడ దూరం నుంచి, "ముచ్చట్లు తర్వాత, ముందు కుర్చీలు!" అని కేకేసింది.

ఆ సేనాని గురించి ఆయన అభిప్రాయం మారిందని నేననుకోను. నాది కూడా ఒకచోట నిలబడలేదు. ఒకరోజు జాలేస్తుంది, ఒకరోజు మెచ్చుకోవాలనిపిస్తుంది, హనుమకొండ వాళ్ల గరాజ్‌లో బతుకమ్మ పేర్చేటప్పుడు కొంచెం కోపం కూడా వస్తుంది. మా రెండిళ్ల మధ్య ఇప్పుడు ఆయన గురించి మాట్లాడుకోవచ్చు. అప్పుడప్పుడూ గొంతులు పెరుగుతాయి, చాయ్ చల్లారిపోతుంది, ఎవరో మళ్లీ పెడతారు.

ఫంక్షన్ నుంచి ఆ రోజు ఇంటికొచ్చేసరికి ఇంకా ఎండ ఉంది. మా అమ్మాయీ, మాతో వచ్చేసిన దాని స్నేహితురాలూ పట్టుబట్టలు మార్చుకుని వెనక పెరట్లోకి పరుగెత్తారు. మా ఆయన గరాజ్‌లో ఏదో వెతుక్కుంటున్నాడు. నేను చెప్పులు విడిచి, చీర కూడా మార్చుకోకుండా సోఫాలో వాలిపోయాను. స్ప్రింక్లర్ నీళ్లలోకి ముందు ఎవరు దూకాలని బయట వాళ్లిద్దరూ గట్టిగా పోట్లాడుకుంటున్నారు. ఆ అరుపులు వింటూ, లేవాల్సిన పనేదీ లేక, అలాగే కళ్లు మూసుకున్నాను.